ఎల్బీనగర్ రోడ్డు మీద రష్యా షావుకారు

ఆ రోజుల్లో దిల్‌సుఖ్‌నగర్‌లో తెల్లారి లేవగానే ఎవరైనా అడిగే మొదటి ప్రశ్న 'ఇవాళ బందా, కాదా' అన్నదే. బంద్ అయితే సెలవు దొరికిన ఆనందం, కాకపోతే జీతం దొరుకుతుందన్న ఆనందం. నేను తెనాలి నుంచి వచ్చి ఒక కోచింగ్ సెంటర్లో ఫిజిక్సు చెబుతుండేవాణ్ణి. ప్రత్యేక రాష్ట్ర ఉద్యమం ముదిరి సెంటర్ షట్టరు దించేశాక నా ఆనందం మొదటి రకంలోనే ఆగిపోయింది. మేడ మీది గదిలో గోళ్లు గిల్లుకుంటూ కూర్చున్న నన్ను మా ఇంటి ఓనరు చూసి, తను రాసిన నాటకంలో వేషం ఇచ్చాడు. కిరాయికున్నవాడు ఓనరు మాట కాదంటే ఏమవుతుందో ఆ పేటలో చిన్నపిల్లలకైనా తెలుసు కాబట్టి వెంటనే ఒప్పుకున్నాను.

ఆయన్ని వీధంతా రష్యా సార్ అనేది. నల్గొండ దగ్గరి పల్లెటూరి మనిషి. సోవియట్ కాలంలో స్కాలర్‌షిప్ మీద వెళ్లి, నది ఒడ్డునున్న ఏదో చిన్న ఊళ్లో ఇంజనీరింగ్ చదివి వచ్చాడు. ఆ చదువు గురించి ఒక్క ముక్క చెప్పగా నేను వినలేదు గానీ, ఆ ఊరి నాటకశాల చరిత్ర మాత్రం నీళ్ల మోటారు వేయడానికి కిందికి దిగిన ప్రతిసారీ వినేవాణ్ణి. ఒక షావుకారు దాన్ని సరదాపడి కట్టించాడట. సరదా తీరాక తాళం వేసి గోధుమల గోదాము చేశాడట. జనం తిరగబడి దాన్ని తిరిగి తెచ్చుకున్నారట. కాలిపోతే మళ్లీ కట్టుకున్నారట. యుద్ధంలో పైకప్పు ఎగిరిపోతే నటులు కోట్లు తొడుక్కుని మంచులోనే ఆడారట. (మా సారు మొదటిసారి అక్కడికి పోయింది కళ కోసం కాదు, లోపల వెచ్చగా ఉంటుందని. ఈ సంగతి ఆయనే నిజాయితీగా ఒప్పుకునేవాడు.) ప్రేక్షకుల కోట్లు తీసుకుని దాచే ముసలావిడ ఒకామె ఈ నల్లపిల్లాడికి రోజూ చాయ్ పోసేదట. తిరిగొచ్చేటప్పుడు 'మీ దేశంలో మా గురించి ఎవరికైనా చెబుతావా' అని అడిగితే, చెబుతానని ఈయన మాటిచ్చాడు. ఇల్లు కట్టి, పిల్లల పెళ్లిళ్లు చేసి, రిటైరయ్యాక గానీ ఆ మాట తీర్చే తీరిక దొరకలేదు.

నాటకంలో రష్యా జనమంతా అచ్చం నల్గొండ భాష మాట్లాడతారు. షావుకారొక్కడే తెనాలి దాటి ఎన్నడూ బయటికి రానట్టు మాట్లాడతాడు. ఆ వేషం నాది. "నువ్వు యాక్టింగ్ జెయ్యకు తమ్మీ, ఊకె మాట్లాడు, సరిపోతది" అని సారు నాకు ధైర్యం చెప్పాడు.

ఎల్బీనగర్‌లో తెలిసినాయన తన ఫంక్షన్ హాలు ఒక్క ఆదివారం ఊరికే ఇస్తానన్నాడు. మళ్లీ ఇచ్చే అవకాశం లేదు, తర్వాతంతా పెళ్లిళ్లే. సరిగ్గా ఆ ఆదివారమే హాలు ముందు ఉద్యమంవాళ్లు వంటావార్పు పెట్టారు. అంటే నడిరోడ్డు మీద పొయ్యిలు పెట్టి, వండి, అక్కడే కూర్చుని తిని బండ్లను ఆపడం. బస్సుల్లేవు. సారు, వాళ్లావిడ ఆంటీ, వాళ్ల చుట్టాలిద్దరు, నేను దిల్‌సుఖ్‌నగర్ నుంచి నడిచాం. రగ్గులతో కుట్టిన కోట్లు మోయడంకంటే తొడుక్కోవడమే తేలికని తొడుక్కున్నాం. ఎండ దంచుతోంది. కొత్తపేట దాటేసరికి నా దూది గడ్డం చెమటకు జారి మెడలోకి దిగింది.

హాల్లో కుర్చీలున్నాయి, మనుషులు లేరు. పిలిచినవాళ్లంతా బస్సులెక్కి రావలసినవాళ్లే. అయినా రష్యా పద్ధతి ప్రకారం నాటకానికి ముందు మూడుసార్లు గంట కొట్టాలి కదా అని, ఆంటీ తెచ్చిన పూజగంట తీసి సారు మొదటిది కొట్టాడు. కాసేపాగి రెండోది కొట్టాడు. మూడోదానికి చెయ్యి లేవలేదు.

"మూడోది కొడితె మొదలువెట్టాలె. ఎవల ముంగట వెట్టాలె తమ్మీ?" అన్నాడు. నాకు ఆయన ముఖంలోకి చూడబుద్ధి కాలేదు.

దారిన పోయేవాణ్ణి ఒక్కణ్ణయినా పట్టుకొద్దామని గడ్డం పైకి తోసుకుని బయటికొచ్చాను. వంటావార్పు అంటే ఆటపాటల బృందాలు రావడం అప్పటి ఆనవాయితీ. అన్నం గుండిగ దగ్గర నిలబడ్డ నాయకుడన్న నా కోటు, గడ్డం చూడగానే మైకు అందుకుని, కళాకారులొచ్చిండ్రు, జర జాగ ఇయ్యుండ్రి అన్నాడు. కాదని చెప్పడానికి నోరు తెరిస్తే తెనాలి బయటపడుతుంది. అందుకని లోపలికి పరుగెత్తాను. సంగతి విన్న సారు గంట పట్టుకుని బయటికొచ్చి, నడిరోడ్డు మీద మూడోది గణగణా కొట్టాడు.

"ఈ నాటకశాల నాదండీ. ఇందులో నేనేం పెట్టుకుంటే మీకెందుకండీ" అన్నది నా మొదటి మాట.  వెంటనే లేచిన కేకలకు నా మిగతా మాటలన్నీ కొట్టుకుపోయాయి. ఒక ముసలమ్మ గరిటె పట్టుకుని నా వైపే వచ్చింది. సారు 'మా థియేటర్ మాకు గావాలె' అనగానే డప్పులు అందుకున్నాయి, జనం అందుకున్నారు. నిప్పంటుకోవడం, యుద్ధం, మంచు, దేనికీ సందు దొరకలేదు. నాటకం అక్కడే అయిపోయింది. ఇన్నేళ్ల మాట సగంలోనే ఆగిందని సారు రోడ్డు మీద కూలబడ్డాడు.

గరిటె ముసలమ్మ మాత్రం కదల్లేదు. "ఇంతకు గా థియేటరు ఆళ్లకు ఒచ్చిందా బిడ్డా?" అని అడిగింది.

సారు తలెత్తి చూశాడు. "ఒచ్చిందమ్మా. కాలిపోతె మళ్ల కట్టుకున్నరు" అని మొదలుపెట్టాడు. విస్తళ్లు పట్టుకుని ఒక్కొక్కరే చుట్టూ చేరి కూర్చున్నారు. మంచులో ఆడిన ఆట వరకూ, కోట్లు దాచే ముసలావిడ వరకూ, ఆమె పోసిన చాయ్ వరకూ అంతా చెప్పాడు. చెబుతూ చెబుతూ కళ్లు తుడుచుకున్నాడు. జనం తినడం మరిచి విన్నారు.

నాయకుడన్న నా విస్తట్లో అన్నం పెడుతూ, "అచ్చం ఆంధ్రోళ్ల లెక్కనే మాట్లాడినవ్ తమ్మీ, ఏడ నేర్చుకున్నవ్?" అని మెచ్చుకున్నాడు. నేను నోటినిండా అన్నం కుక్కుకుని తలూపాను. సారు ఊరుకోవచ్చు కదా, మా ఇంట్ల కిరాయికుంటడు, తెనాలి పిలగాడు అనేశాడు. అన్న నన్ను ఎగాదిగా చూసి, పగలబడి నవ్వి, ఇంకో గరిటె వడ్డించాడు.

ఇప్పుడు నాగోల్‌లో సొంత ఫ్లాట్లో ఉంటున్నాను. పాత స్నేహితులు కలిస్తే ఆ నాటకం సంగతి చెప్పి నవ్వుతుంటాను. ఒక్క బాధ మాత్రం పోలేదు. చివర్లో షావుకారు మనసు మారి, తాళంచెవి జనం చేతిలో పెడుతూ మాట్లాడే పెద్ద ఘట్టం ఒకటుంది. రాత్రింబవళ్లు బట్టీపట్టాను. అది వినే ఓపిక ఆ రోజు రోడ్డు మీద ఎవరికీ లేకపోయింది, ఇప్పుడు ఇంట్లోనూ ఎవరికీ లేదు. స్నానాల గదిలో మాత్రం ఇప్పటికీ ఒక్క అక్షరం పొల్లుపోకుండా చెబుతాను, తాళంచెవి అందిస్తున్నట్టు చెయ్యి కూడా చాపుతాను, ఇంతలో మా ఆవిడ తలుపు కొడుతుంది.