లిల్లీ పువ్వును ఒలిచేసిన ఒబ్దూలియా

ఒబ్దూలియా సినిమా వైభోగం మూడంటే మూడు సినిమాలతో సరిపోయింది. మొదటిదాంట్లో చేపలబుట్ట మోసింది, రెండోదాంట్లో జబ్బుచేసి పోయింది, మూడోదాంట్లో జమీందారు కూతురైంది. మూడింటికీ గొంతు మాత్రం వేరే ఆవిడెవరో ఇచ్చింది. ఆమె పుట్టిపెరిగిన లా మాంచా పల్లె యాస తెరకు పనికిరాదని మాద్రిద్ సినిమావాళ్లు తేల్చేశారు. నాలుగో సినిమాకు ఎవరూ పిలవకపోయేసరికి పెట్టె సర్దుకుని ఊరికి వచ్చేసింది.

అప్పుడే కుంకుమపువ్వు కోత మొదలైంది. ఆ రోజుల్లో ఊళ్లో ఏ ఇల్లు చూసినా బల్లమీద ఊదాపూల గుట్ట, దాని చుట్టూ కూర్చుని ఒక్కో పువ్వులోంచీ ఎర్రటి కేసరాలు ఒలిచే ఇంటిల్లిపాదీ. సినిమాల్లోకి పోయిందన్న కోపంతో తండ్రి ఎవుతీమియో మాత్రం ఒబ్దూలియా కుర్చీలో పూలబుట్ట పెట్టేశాడు. ఒలవడానికి పువ్వు ఇవ్వలేదంటే ఇంటి మనిషి కాదన్నట్టే. మాట కూడా లేదు. ఏదైనా చెప్పాల్సివస్తే పిల్లితో చెప్పేవాడు.

"ఏమే పిల్లీ, ఆ దొరసానికి చెప్పు, వెల్లుల్లి సూపు చల్లారిపోతోందని!"

ఈ పూలు అయ్యేలోగా ఆయన మనసు కరగకపోతే మళ్లీ మాద్రిద్ వెళ్లి ఎవరింట్లోనో అంట్లు తోముకోవాలి. పిల్లకు ఆ బెంగతో తిండి సయించడం లేదు.

సరిగ్గా అప్పుడే, ఆదివారం నాడు, ఆ మూడో సినిమా ఊరి హాలుకు వచ్చింది. అందులో హీరో ఆమెను కౌగిలించుకుంటాడు. అది నాన్న కంటపడితే ఇక అంతే అనుకుంది ఒబ్దూలియా.

"నువ్వొక్కడివే ఇంట్లో కూర్చుంటే జనం ఇంకా నవ్వుతారయ్యా, పద" అని తల్లి పెత్రోనీలా మొగుణ్ణి లాక్కొచ్చింది.

కౌగిలింత దగ్గర పడగానే ఇలాంటివి జనం కంటపడకుండా సినిమా మిషను పక్కనే కాపలా కూర్చున్న ఊరి చర్చి ఫాదర్ లియాంద్రో తన టోపీ తీసి వెలుగుకు అడ్డం పెట్టాడు. హాలంతా ఈలలు. ఆయన టోపీకి ఒబ్దూలియా మనసులోనే దండం పెట్టుకుంది.

తర్వాత తోట సీను. జమీందారు కూతురు ప్రియుడి కోసం ఎదురుచూస్తూ చేతిలో లిల్లీ పువ్వును నాజూగ్గా నిమరాలి. నిమిరింది కూడా. కానీ చెయ్యి ఊరుకుంటుందా? కెమెరా తిరుగుతుండగానే బొటనవేలి గోరుతో కాడ గిల్లి, లోపలి కేసరాలు ఒక్క లాగు లాగి, పువ్వును భుజం మీదుగా వెనక్కి పారేసింది. మాద్రిద్‌లో ఎవరూ పట్టించుకోలేదు. ఇక్కడ హాలు దద్దరిల్లిపోయింది.

"ఒలిచేసిందర్రా! జమీందారమ్మ ఒలిచేసింది!"

ఒబ్దూలియా సిగ్గుతో తల వంచుకుంది. నవ్వుల మధ్య తండ్రి గొంతు ఖంగుమంది.

"నవ్వుతారేంట్రా? మా ఇంటి చెయ్యది! నేను నేర్పిన చెయ్యి!"

ఇంటికొచ్చాక ఎవుతీమియో కుర్చీలోంచి బుట్ట తీసి కింద పెట్టాడు. పిల్లి వంక చూడనైనా లేదు.

"కూర్చో. కాడ మరీ కిందికి గిల్లావు. అలాగైతే తెల్లదంతా ఎర్ర కేసరాల్లో కలిసిపోతుంది, ఎవడు కొంటాడు?"

"అది లిల్లీ నాన్నా!"

"ఏదైతేనేం, గిల్లడం గిల్లడమే." రెండు పూలు ఒలిచి మళ్లీ తలెత్తాడు. "అవునూ, తెరమీద ముక్కుతో మాట్లాడిందే, అదెవత్తె?"

"మాద్రిద్ ఆవిడ. నా గొంతు బాగాలేదన్నారు."

"బాగాలేదా? వాళ్ల మొహం!" అన్నాడు ఎవుతీమియో.

ఒబ్దూలియాకు ఇన్నాళ్ల బరువు ఒక్కసారిగా దిగిపోయింది. కళ్లు తుడుచుకుని కుర్చీ ముందుకు లాక్కుంది. ఆయన పూలగుట్టలో సగానికి పైగా ఆమె ముందుకు తోసేశాడు.