ఆఖరి వరుస దాకా

నాచారం మందుల కంపెనీలో మాత్రల అట్టలు తనిఖీ చేసిన నాటి అలవాటు భాగ్యను వదల్లేదు. ఇప్పుడు ఉప్పల్‌లో రోగుల రికార్డులకు బీమా కోడ్లు వేసే మెడికల్ కోడింగ్ పని చేస్తూ, జుట్టులోని స్లైడు తీసి స్క్రీన్‌కు ఆనించి, డాక్టరు రాసిన ప్రతి వరుసా చదువుతుంది. గొంతు కేసైతే ఎడమచెయ్యి తన గొంతు మీదికే పోతుంది. స్వరతంత్రులు దెబ్బతిని మూడోసారి ఆసుపత్రికొచ్చిన రోగికి ఆమె ‘చికిత్స నడుస్తోంది’ అనే కోడు వేస్తే, కోడ్లు సరిచూసే ఆడిటర్ గిరిప్రసాద్ తప్పని ఎర్రగుర్తు పెట్టాడు. ఇంకో తప్పు పడితే ఆమె మళ్లీ ట్రైనింగులో కూర్చోవాలి.

“మూడోసారి వచ్చాడంటే ‘మానుతోంది’ కోడే కదండీ!”

“ఎన్నిసార్లొచ్చిండని గాదు సార్, వైద్యం ఇంకా నడుస్తుందా అన్నదే లెక్క. జర ఆఖరి లైన్ సదువుండ్రి.”

స్లైడు అక్కడ ఆగింది: వచ్చేవారం ఆపరేషన్.

గిరిప్రసాద్ ఎర్రగుర్తు తీసేశాడు. తర్వాతి ఫైలు తెరిచి, జేబులోని పెన్ను స్క్రీన్‌కు ఆనించి, మొదటి వరుస నుంచి చదవడం మొదలుపెట్టాడు. భాగ్య స్లైడు జుట్టుకు పెట్టుకుంది, కిరీటం పెట్టుకున్నంత దర్జాగా.