కెమెరా పక్కన కుర్చీ

మదీనత్ ఖలీఫా పేటలో నేను వంట చేసే విల్లా యజమానురాలు డెన్మార్క్ నటి. ఇరవై ఏళ్ల వయసు నుంచి సినిమాల్లో ఉన్న మనిషి. భర్త ఉద్యోగం కోసం ఖతార్ వచ్చింది, వయసు యాభై దాటింది, సినిమా పిలుపులు ఆగిపోయాయి. ఒకసారి తన పాత సినిమా టీవీలో చూపిస్తే, "ఈ పిల్ల ఎవరు మేడమ్?" అని అడిగాను. తానేనని చెప్పి టీవీ కట్టేసింది.

ఈ ఎండాకాలం ఒక పిలుపు వచ్చింది. తల్లి వేషం. ఒక సన్నివేశం ఇంట్లోనే నటించి, వీడియో తీసి, ఆ రోజే మధ్యాహ్నం పన్నెండింటికల్లా పంపాలి. లేదంటే వేషం వేరేవాళ్లకు పోతుంది. ఎదుటి పాత్ర మాటలు కెమెరా పక్కన కూర్చుని ఎవరో చెప్పాలి. ఎప్పుడూ చెప్పే భర్త సముద్రం మీది గ్యాస్ బావుల దగ్గర డ్యూటీలో ఉన్నాడు. అందుకని నన్ను కూర్చోబెట్టింది.

ఎదుటి పాత్ర కూతురు, ఆ కూతురి మాటలు ఐదు. ఆమె ఇంగ్లీషులో పలుకుతుంటే తెలుగు అక్షరాల్లో రాసుకున్నాను. యాభై రెండేళ్లకు చదువు నేర్చినదాన్ని, ఆ గర్వం నాకుంది. ఫోను స్టాండుకు బిగిస్తున్న ఇంటి డ్రైవరు, హైదరాబాదు మనిషి, నవ్వాడు.

"అరె పెద్దమ్మా, హీరోయినైపోయినవ్ గదా!"

"నోరు మూస్కొని నీ ఫోను సూస్కో బిడ్డా."

చప్పుడు పడకూడదని ఏసీ ఆపేశారు. పావుగంటలో గది పొయ్యిలా అయింది. మొదటిసారి నేను వేలు పెట్టి ఒక్కో అక్షరం చదివాను. ఆమె ఆపేసింది. రెండోసారి చూపు కాగితం మీద నుంచి తీసి నేల మీద పెట్టాను. ఈ దేశానికి పంపేటప్పుడు ఏజెంటు చెప్పిన మొదటి మాట, మేడమ్ మొహంలోకి చూసి మాట్లాడొద్దని. పదమూడేళ్లు, మూడు ఇళ్లు, అలాగే గడిపాను. ఆమె మళ్లీ ఆపి ఇంగ్లీషులో గట్టిగా ఏదో అంది.

"కండ్లెత్తు పెద్దమ్మా. నేలతోని ఎట్ల మాట్లాడాలె అంటున్నది."

"టైమెంతయింది?"

"అజాన్ అయితది ఇప్పుడే. మసీదు పక్కనే గదా, మొత్తం వీడియోల పడ్తది. యల్లా, జల్దీ!"

కాగితం మడిచి కింద పెట్టాను. అక్షరాలు రాకముందు యాభై ఏళ్లు చెవితోనే బతికాను, ఐదు మాటలు ఒక లెక్కా? ఆమె కళ్లలోకి చూశాను. వదిలేసి పోయిన తల్లిని కూతురు నిలదీస్తోందని డ్రైవరు ముందే చెప్పాడు. నాలుగు మాటలు సాగాయి. ఐదోది, "ఎందుకు పోయావు?" అన్నాక ఆమె పెదవి కదిలి ఆగిపోయింది. నటనో, మాట మరిచిందో నాకు తెలియలేదు. అదే మాట మళ్లీ అడిగాను, గట్టిగా. కాగితంలో అది రెండోసారి లేదు.

అజాన్ మొదలైంది. డ్రైవరు వీడియో ఆపబోతే అతని మణికట్టు పట్టుకున్నాను. ఆమె నా మీద నుంచి చూపు తీయకుండా, మెల్లగా, జవాబు చెప్పింది.

"ఖరాబైంది పెద్దమ్మా," అన్నాడు డ్రైవరు. పన్నెండు దగ్గరపడింది, ఇంకోసారి తీసే వ్యవధి లేదు. ఆమె దాన్నే పంపింది.

నాలుగు రోజులు ఆమె సరిగ్గా తినలేదు. ఐదో రోజు వంటింట్లో ఫోను చూసి గట్టుకు చేరగిలబడింది. ఏడుస్తోందనుకుని నీళ్లిచ్చాను. ఆమె చెప్పింది విని డ్రైవరు అరిచాడు.

"ఇచ్చిన్రంట! వేషం ఆమెకే ఇచ్చిన్రంట!"

సంతోషం కంటే ముందు నాకు భయం వేసింది. ఆమె షూటింగుకు పోతే ఇల్లు మూస్తారా, వాళ్ల పేరు మీదున్న నా వీసా ఏమవుతుంది? అబద్ధం రాయను. కానీ వెలిగిపోతున్న ఆమె మొహం చూసి అడగలేకపోయాను. పప్పుకు పోపు పెట్టాను.