బాబుగారి ఆవు, బాబాయిగారి గడియారం

ఆ రోజుల్లో ఫిల్మ్‌నగర్‌లో ఇంజినీరింగ్ చదివానని చెప్పుకోవడం తెలివైన పని కాదు. చెప్పామా, సినిమా పని తప్ప మిగిలిన పనులన్నీ మన నెత్తిన పడేవి. ఆ రోజులంటే మరీ పాతకాలమేమీ కాదు లెండి. ఫోన్లూ ఇంటర్నెట్టూ అన్నీ ఉన్న రోజులే, నా నెత్తిన జుట్టు కూడా ఉన్న రోజులు. నేనప్పుడు ఒక పెద్ద సినిమాకి ఏడో అసిస్టెంట్ డైరెక్టర్ని. మొదటి అసిస్టెంటు డైరెక్టర్‌తో మాట్లాడతాడు, రెండోవాడు మొదటివాడితో మాట్లాడతాడు, అలా దిగుతూ వస్తే ఏడోవాడు ఎక్కువగా మంచినీళ్ళ బాటిళ్ళతో మాట్లాడతాడు. ఏ షాట్ ఎన్నింటికి మొదలైంది, ప్యాకప్ ఎన్నింటికి చెప్పారు అని రోజూ కాగితం మీద రాసిపెట్టడం నా ఉద్యోగం. ఒకసారి ఆఫీసు ప్రింటర్‌లో ఇరుక్కున్న కాగితం లాగాను. ఆ రోజు నుంచి నా పేరు 'కంప్యూటర్' అయిపోయింది. (మా అమ్మ పెట్టిన పేరు ఆ యూనిట్‌లో ఒక్కరికీ తెలీదు. భోజనాల లిస్టులో కూడా 'కంప్యూటర్, ఒక వెజ్' అని రాసేవారు.)

నాకు కావలసిందల్లా ఒక్కటే. టోలిచౌకిలో ముగ్గురం పంచుకున్న గదిలో, మిగతా ఇద్దరి గురకల మధ్య రెండేళ్ళు కూర్చుని రాసుకున్న కథ ఒకటి నా సంచిలో ఉండేది. దాన్ని మా హీరోకి వినిపించాలి. నలభై ఎనిమిదేళ్ళ ఆ హీరోని పరిశ్రమంతా 'బాబు' అనే పిలిచేది. బాబుకి కథ చెప్పాలంటే ముందు బాబాయిని దాటాలి. బాబాయి అంటే బాబుగారి మేనేజరు. భీమవరం మనిషి, ఎవరికీ చుట్టం కాకపోయినా అందరికీ బాబాయే. నేను కనబడినప్పుడల్లా, "చూద్దాం నాయనా, బాబు మూడ్ బాగున్నప్పుడు చెబుతానులే" అనేవాడు. ఆ మాట అంటున్నప్పుడు వెనకాల బాబు విరగబడి నవ్వుతూ ఉండేవాడు. బహుశా అది కథలు వినే మూడ్ కాదేమోనని సరిపెట్టుకునేవాడిని.

ఇక బాబు సంగతి. తెర మీద ఆయన ఒక్క గుద్దుతో జీపుని మేడ మీదికి పంపించగలడు. సెట్ పక్కన ఆయన విశ్రాంతికి నిలబెట్టే బస్సు, అదే కారవాన్‌లోకి వెళ్ళి తలుపేసుకుంటే మాత్రం వీడియో గేమ్‌లో వ్యవసాయం చేసుకునేవాడు. చిన్న పెంకుటిల్లు, రెండు మళ్ళు, నాలుగు కోళ్ళు. షాట్‌కీ షాట్‌కీ మధ్య టమాటాలకి నీళ్ళు పెట్టేవాడు, కలుపు తీసేవాడు. జూబ్లీహిల్స్‌లో ఇంటికెళ్ళాక అక్కడ ఇంకో మెషిన్ మీద అదే పొలం కొనసాగించేవాడు. ఆట ఆపిన ప్రతిసారీ పొలం లెక్కంతా ఇంటర్నెట్‌లో ఒక చోట దాచుకుంటుంది, ఇంకోచోట తెరిస్తే అక్కణ్ణుంచి తెచ్చుకుంటుంది. అందువల్ల ఒకే పొలాన్ని రెండు చోట్ల నుంచి దున్నుకోవచ్చు. ఆ వెసులుబాటు నిజం రైతుకి లేదు.

ఒక రోజు ఉదయం క్లైమాక్స్ ఫైట్. సెట్‌లో రెండు వందల మంది రౌడీలు అట్ట కత్తులు పట్టుకుని బాబు చేతిలో తన్నులు తినడానికి సిద్ధంగా ఉన్నారు. బాబు బయటికి రాలేదు. గంట గడిచింది. రౌడీలు కత్తులు పక్కన పెట్టి మిర్చిబజ్జీలు తింటున్నారు. చివరికి కారవాన్ తలుపు తెరుచుకుని బాబు గొంతు వినిపించింది: "నా ఆవు ఏదీ?"

విషయం ఏమిటంటే, ముందురోజు సాయంత్రం ఇంట్లో బాబు ఒక ఆవుని కొన్నాడు. ఎనిమిది రోజులు టమాటాలు పండించి కొన్న ఆవు. చుక్కమ్మ అని పేరు కూడా పెట్టాడు. ఉదయం కారవాన్‌లో తెరిచి చూస్తే కొట్టం ఖాళీ. అంతకుముందు కూడా రెండుసార్లు ఇలాగే ఇంట్లో చేసిన పని కారవాన్‌లో మాయమైందట. అయితే అప్పుడు పోయింది బెండ మొక్కలు కనక ఓర్చుకున్నాడు. పరిశ్రమ తన పద్ధతిలో తాను వైద్యం మొదలుపెట్టింది. కారవాన్ దక్షిణానికి తిరిగి ఉండటమే కారణమని ప్రొడక్షన్ మేనేజరు దాన్ని తూర్పుకి తిప్పించాడు. ఆవు రాలేదు. డైరెక్టర్‌గారు చేతులు కట్టుకుని, "ఈ బాధని ఫైట్‌లో వాడుకుందాం బాబూ, అద్భుతంగా వస్తుంది" అన్నారు. "ఆ బాధ వేరు, ఈ బాధ వేరు డైరెక్టర్‌గారూ" అన్నాడు బాబు. అప్పుడెవరికో నేను గుర్తొచ్చాను.

నేను కారవాన్ మెట్లెక్కేసరికి బాబు క్లైమాక్స్ గెటప్‌లో, ఒంటినిండా ఎర్రరంగు గాయాలతో, సోఫాలో దిగులుగా కూర్చుని ఉన్నాడు. "తమ్ముడూ, నువ్వేదో కథ రాశావటగా. ఆవుని తెచ్చిపెట్టు. నీ కథ వింటాను. మధ్యలో లేవకుండా, పూర్తిగా వింటాను" అన్నాడు. ఇన్నాళ్ళూ తెరుచుకోని తలుపు ఒక ఆవు కోసం తెరుచుకుంటోంది. ఆ క్షణంలో నన్ను పాలు పితకమన్నా పితికేవాడిని.

ఇంటర్నెట్ చూశాను, బాగానే ఉంది. ఖాతా చూశాను, రెండు చోట్లా ఒకటే. మెషిన్ ఆపి మళ్ళీ వేశాను (ఇంజినీరింగ్ నాలుగేళ్ళలో గట్టిగా వంటబట్టింది ఇదొక్కటే). ఆవు రాలేదు. అప్పుడు దాచిన లెక్క మీద టైము చూశాను. కారవాన్‌లో ఆఖరిసారి ఆట ఆపింది నిన్న సాయంత్రం ఏడింటికి అని ఉంది. నాకు వింతగా అనిపించింది. నిన్న ప్యాకప్ అయిదున్నరకే చెప్పారని నా చేత్తో నేనే రాశాను. కిందికి దిగి, టైరు పక్కన కుర్చీలో కూర్చున్న కారవాన్ డ్రైవరన్నని అడిగాను, నిన్న ఏడింటికి బాబు బండిలో ఉన్నారా అని.

"ఏడింటికా? ఏడింటికి బండి షేక్‌పేట్ల మా ఇంటి ముంగట ఉండె తమ్మీ. బాబు గాడికెందుకొస్తడు?" అన్నాడు. తర్వాత నా మొహం చూసి పకపకా నవ్వాడు. "గా మెషిన్ల టైము జూసినవా? గది నమ్మకు. గది మన టైము గాదు, బాబాయి సార్ టైము. బండ్ల ఉన్న గడియారాలన్నీ గంటన్నర ముందుకు వెట్టుమన్నడు. గోడ మీదిది, ఓవెన్ మీదిది, టీవీల ఉన్నది, అన్నీ. బాబు గది జూసి, అరె లేటైందని ఉరుకొస్తడని. రెండేండ్లాయె. ఎవలకూ జెప్పకు, జర."

అక్కడే చెట్టు కింద కూర్చుని లెక్క వేశాను. బాబు అయిదున్నరకి కారవాన్‌లో ఆట ఆపితే మెషిన్ దాని మీద ఏడు గంటలని ముద్ర వేసింది. ఇల్లు పక్కనే కనక ఆరింటికల్లా అక్కడ ఆట మొదలుపెట్టి, ఆవుని కొని, డైటీషియన్ పెట్టిన ఓట్స్ భోజనానికి ఆరున్నరకి ఆపేశాడు. రెండు లెక్కలొస్తే టైము కొత్తగా ఉన్నదాన్నే ఇంటర్నెట్ ఉంచుకుంటుంది, ఏడింటి లెక్క ముందు ఆరున్నర లెక్క పాతదే కదా! ఇంటర్నెట్ పాపం ఆవుని గేటు దగ్గరే ఆపేసింది. అయితే ఆవు చచ్చిపోలేదు, ఇంట్లో ఉన్న మెషిన్‌లో ఇంకా ఉంది. ఎవరైనా దాన్ని తెరిచారో, ఇంటర్నెట్‌లో ఉన్న లెక్క వచ్చి దాని మీద కూర్చుంటుంది. ఆవుతోపాటు నా కథా పోతుంది.

బాబాయి తోడు లేనిదే ఆ ఇంట్లోకి ఈగ కూడా వెళ్ళదు కనక ఆయన కార్లోనే వెళ్ళాం. వెళ్ళగానే ముందు నెట్ వైరు పీకాను. లోపల్నించి బాబుగారి తల్లి, "ఎవరది? నా సీరియల్ ఆగిపోయిందండీ! ఇప్పుడే కోడలు తలుపు తీస్తోంది!" అని కేకేశారు. "రెండే నిమిషాలమ్మగారూ" అంటూ మెషిన్ వేశాను. చుక్కమ్మ కొట్టంలో నిలబడి గడ్డి నములుతోంది. నిజం చెబుతున్నాను, నాకు కళ్ళనీళ్ళు తిరిగాయి. పొలం మొత్తాన్ని పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించుకుని దాన్ని చొక్కా లోపలి జేబులో పెట్టుకుని బయల్దేరాను.

తిరుగుదారిలో, చెక్‌పోస్ట్ సిగ్నల్ దగ్గర కారు ఆగినప్పుడు, బాబాయికి అసలు కారణం చెప్పాను. ఆయన మొహంలో నెత్తురు చుక్క లేకుండా పోయింది. "నాయనా, ఆ గంటన్నరే నా ఉద్యోగం. అది లేకపోతే ఆయన తొమ్మిదింటి షాట్‌కి పన్నెండింటికి వచ్చేవాడు, ఇప్పుడు పదిన్నరకి వస్తున్నాడు. నేను ఆయన్ని రెండేళ్ళుగా మోసం చేస్తున్నానని తెలిస్తే ఈ వయసులో నేనెక్కడికి పోవాలి చెప్పు?" అన్నాడు. వెంటనే గొంతు మార్చి, "నీ కథ సంగతి నేను చూసుకుంటాను. గడియారం సంగతి నువ్వు మర్చిపో" అన్నాడు. పెద్దాయన, పాపం, అనుకున్నాను. ఒక ముసలి ప్రాణాన్ని కాపాడుతున్నానని నాకు నేనే చాలా సార్లు చెప్పుకున్నాను.

ఆవు కారవాన్‌కి చేరింది. బాబు తెర దగ్గరికెళ్ళి చుక్కమ్మ నుదుటి మీద వేలితో నిమిరి, బయటికొచ్చి, రెండు వందల మందిని ఒక్క పూటలో చితకబాదాడు. తర్వాత నన్ను పిలిచి, "అసలేమైంది తమ్ముడూ?" అని అడిగాడు. ఆయన వెనకాల బాబాయి గుడ్లప్పగించి నన్నే చూస్తున్నాడు. "ఏం లేదు సార్, లెక్క ఇంటిదాకా చేరడానికి టైం పడుతుంది. కారవాన్‌లో ఆట ఆపాక గంటన్నర దాకా ఇంట్లో ముట్టుకోకూడదు. అంతే" అన్నాను. ఎందుకు ముట్టుకోకూడదు అని అడుగుతాడేమోనని భయపడి చచ్చాను. ఆయన అడగలేదు. "ఓహో, వర్జ్యంలాంటిదన్నమాట" అన్నాడు గంభీరంగా.

ముట్టుకోకూడని సమయం అనేసరికి ఫిల్మ్‌నగర్‌కి ఇంకేం చెప్పనక్కర్లేదు. వారం తిరిగేసరికి ఆ గంటన్నర అన్ని కారవాన్లకీ పాకిపోయింది. ఒక హీరోయిన్ గారి తల్లి ఫోన్ చేసి, ఫోన్లో ఆడే పదాల ఆటకి కూడా ఇది వర్తిస్తుందా అని అడిగింది. ఒక కమెడియన్ ఎందుకైనా మంచిదని ప్యాకప్ తర్వాత గంటన్నర సేపు ఫోనే ముట్టుకోవడం మానేశాడు. దాంతో వాళ్ళావిడ చాలా రోజుల తర్వాత తనతో మాట్లాడిందని నాకు స్వీట్లు పంపించాడు. బంజారాహిల్స్‌లో ఒక నిర్మాత ఆ గంటన్నరలో సంతకాలు పెట్టడం కూడా ఆపేశాడని విన్నాను. నేను కనిపెట్టిన ఏకైక శాస్త్రం అదే.

ఇక నా కథ. సాయంత్రాలు బాబు చేతికి గంటన్నర ఖాళీ దొరికింది కనక నాకు ఆ సమయమే ఇచ్చారు. జూబ్లీహిల్స్ ఇంట్లో మేడ మీద గది. ఎదురుగా బాబు, పక్కన నా భయం. నాది నిజాయితీపరుడైన ఒక కానిస్టేబుల్ కథ. ఒక్క అబద్ధం ఆడితే ఉద్యోగం నిలబడే చోట, కన్నార్పకుండా నిజం చెప్పి సర్వం పోగొట్టుకుంటాడు. నటిస్తూ చెప్పాను, పాడుతూ చెప్పాను, క్లైమాక్స్‌లో నేనే ఏడ్చాను. బాబు మాట తప్పలేదు. ఒక్కసారి కూడా లేవకుండా పూర్తిగా విన్నాడు.

"బాగుంది" అన్నాడు. నేను గాల్లో తేలిపోయాను. "వాడు ఆ ఒక్క అబద్ధం ఎందుకు చెప్పలేదు తమ్ముడూ?"

"అది వాడి నైజం సార్."

"నువ్వు చెప్పావుగా మరి." బాబు మెల్లగా నవ్వాడు. "కారవాన్‌లో గడియారాలు ముందుంటాయని నాకు మొదటి నెలలోనే తెలిసింది. బండికి కిటికీ ఉంది కదా, బయట ఎండ కనబడుతుంది. నువ్వు గంటన్నర అనగానే ఆవు ఎలా పోయిందో కూడా అర్థమైంది."

"మరి బాబాయిగారిని ఏమీ అనలేదేం సార్?"

"ఏమంటాను? నన్ను టైంకి తెస్తున్నానని ఆయన సంతోషపడుతున్నాడు. పదిన్నరకి రావడం మొదటి సినిమా నుంచీ నాకున్న అలవాటు. పోనీలే, పెద్దాయన" అన్నాడు. తర్వాత నా వైపు వంగి, "ఒక్కటి చెప్పు. ఆ అబద్ధం బాబాయి కోసం చెప్పావా, ఈ కథ కోసం చెప్పావా?" అని అడిగాడు.

"బాబాయిగారి కోసమే సార్" అన్నాను. ఆలోచించలేదు, తడుముకోలేదు, నోట్లోంచి అదే వచ్చేసింది.

బాబు టైము చూసుకున్నాడు, గంటన్నర అయిపోయింది. "ఆ కానిస్టేబుల్‌తో నీకింకా పరిచయం కాలేదు తమ్ముడూ. అయ్యాక రా" అని, రిమోట్ అందుకుని చుక్కమ్మ దగ్గరికి వెళ్ళిపోయాడు. టోలిచౌకి దాకా నడిచే వెళ్ళాను. దారంతా ఆయన్ని తిట్టుకున్నాను. ఆ రోజు నాకు నిజంగా చాలా కష్టంగా అనిపించింది.

ఆ సినిమా ఎవరూ తీయలేదు. నేనిప్పుడు ఫిల్మ్‌నగర్‌లోనే టీవీ సీరియళ్ళకి మాటలు రాసుకుంటున్నాను. మొన్న బీరువా సర్దుతుంటే ఆ కథ కాగితాలు కనబడితే కూర్చుని చదివాను. నిజం గురించి ఇరవై నాలుగేళ్ళ కుర్రాడు ఎంత ధాటిగా ఉపన్యాసం ఇచ్చాడో! వాణ్ణి తలుచుకుంటే ఒకప్పుడు వేసిన సిగ్గు ఇప్పుడు లేదు, ముద్దే వచ్చింది. ఇప్పుడు నన్నెవరైనా అడిగితే, బాబాయి కోసం కాదు, నా కథ కోసమే చెప్పానని కన్నార్పకుండా ఒప్పుకుంటాను. చిక్కల్లా ఏమిటంటే, ఇప్పుడు ఎవరూ అడగరు.