దొరగారికి వంత

పోయిన నెల తిరుపతిలో మా రిటైరైన అధ్యాపకుల సమావేశంలో, పాత స్నేహితుడికి శాలువా కప్పి నాలుగు మాటలు చెప్పమంటే, మొదట బాగానే ఎత్తుకుని మధ్యలో చటుక్కున ఆగిపోయాను. తర్వాతి మాట ఎంతకీ గుర్తుకు రాలేదు. నా ఈడువాళ్ళంతా మర్యాదగా తలలు దించుకున్నారు, ముందు వరుసలో ఎవరి మనవడో సెల్‌ఫోన్ ఎత్తి నన్నే వీడియో తీస్తున్నాడు. ఎట్లాగో ఓ నమస్కారం పెట్టి కూర్చున్నాను గానీ, ఇంటికి వచ్చేదాకా నా మనసు నిండా ఎన్నడో చూసిన ఒక ఇంగ్లీషు నటుడే ఉన్నాడు.

డెబ్బైల చివరి మాట. చిత్తూరు కాలేజీలో ఇంగ్లీషు ట్యూటరుగా కొత్తగా చేరిన నన్ను, వేసవి సెలవుల్లో చంద్రగిరి కోట దగ్గర సినిమా తీయడానికి వచ్చిన తెల్లవాళ్ళు దుబాసీగా పెట్టుకున్నారు. ఆ నటుడిది అందులో ముసలి కలెక్టరు వేషం. గొంతు విప్పితే కోటగోడలు మారుపలికేవి. కుర్రతనంలో లండన్ నాటకశాలలో బల్లెం పట్టుకుని ఒక్క మాటా లేకుండా నిలబడే భటుడిగా మొదలై, రాజుల వేషాలదాకా ఎదిగి, పత్రికలు ఆకాశానికెత్తుతున్న రోజుల్లోనే ఉన్నట్టుండి నాటకాలు మానేసి, సినిమాల్లో చిన్నాచితకా వేషాలకు దిగాడట. ఎందుకు మానేశాడో తోటివాళ్ళకు తెలియదు. ఆ సంగతి నాకు మా ఊళ్ళో తెలిసింది.

షూటింగ్ లేని ఒక రోజు మా నాటకం చూడాలని ఆయన ముచ్చటపడితే, పాకాల దగ్గరి మా ఊళ్ళో ద్రౌపదమ్మ గుడి ముందు ఏటా ఆడే భారతం జరుగుతుండగా తీసుకుపోయాను. ఆనాడు అర్జున తపస్సు. అర్జునుడి వేషగాడు మెట్లు కొట్టి నిలిపిన ఆకాశమంత తపస్సు మాను మీదికి ఒక్కో మెట్టూ ఎక్కుతూ, మెట్టుకో పద్యం పాడతాడు, కింద బిడ్డల కోసం మొక్కుకున్న ఆడవాళ్ళు తడిచీరలతో సాగిలపడి ఉంటారు. పుట్టు పిరికివాణ్ణి కనక ఏటా నేను కళ్ళు మూసుకునే చూస్తాను. ఆయన నాకంటే ఎక్కువ భయపడి నా మణికట్టు గట్టిగా పట్టుకుంటే, పడడు లెమ్మని ధైర్యం చెప్పబోయాను. పడతాడని కాదు, అంత ఎత్తున పాట మరిచిపోతే ఏం చేస్తాడన్నాడు. ఆ భయంలోనే తన కథ బయటపెట్టాడు. ఒకనాడు రాజు వేషంలో, నిండు సభలో, నోటికి వచ్చిన మాటే రాకుండా పోయిందట. ఎవరూ దగ్గలేదు, కదల్లేదు, చివరికి తెర దించేశారట. ఆ నిశ్శబ్దం ఇంకా తన చెవుల్లోనే ఉందనీ, సినిమాలో అయితే మాట తప్పినా మళ్ళీ తీస్తారు కనక బతికిపోతున్నాననీ చెప్పాడు.

అంతలో అర్జునుడు దిగాడు, అప్పుడు గుర్తొచ్చింది నాకు. నాటకమాడే మనిషి ఎవరు వచ్చినా అమ్మవారి ముందర ఒక పద్యమైనా పాడకుండా పోకూడదని మా వైపు కట్టడి. ఈయన నటుడని నా నోటే విన్న ఊరి పెద్దాయన దండ తెచ్చి దొర మెడలో వేసి ఆటస్థలం వైపు చెయ్యి చూపించాడు. ఒంట్లో బాగాలేదని చెప్పబోయాను గానీ, ఆయన అప్పటికే లేచాడు, ముఖంలో నెత్తురు చుక్క లేదు. నన్ను వెంట రమ్మన్నాడు. ఉరికంబం దగ్గరికి తోడు పోతున్నట్టే పోయాను.

ఎత్తుకున్నది ఆ రాజు మాటలే. మొదటి పంక్తులకు జనం బిత్తరపోయారు, చంటిబిడ్డలు ఏడుపు ఆపారు. అంతలో ఆగిపోయాడు. ఆ చోటే అని నాకు తెలిసిపోయింది. ఆయన వేళ్ళు గాలిలో దేనికోసమో తడుముకుంటున్నాయి. వీళ్ళు నవ్వితే ఈ మనిషి మళ్ళీ లేవడు అనుకున్నాను.

వెనక తాళం మోగింది. మా వీధినాటకంలో వేషగాడు ఊపిరి కోసం ఆగిన చోటల్లా, వెనక నిలబడ్డ వంతవాళ్ళు ఆ చివరి పంక్తినే అందుకుని, అతను మళ్ళీ ఎత్తుకునేదాకా తిప్పి తిప్పి పాడతారు. ఆ వంతకు మా నాయనే పెద్ద. ఇంగ్లీషు ముక్క తెలియని నాయన, చెవిన పడ్డ పంక్తిని పడ్డట్టే మా ఊరి వరసలో అందుకున్నాడు, తక్కినవాళ్ళు కలిశారు, మద్దెల కలిసింది. దొర ఉలిక్కిపడి వెనక్కి తిరిగాడు. వాళ్ళు మాత్రం అదేమీ పట్టించుకోకుండా తిప్పుతూనే ఉన్నారు. నాలుగైదు మార్లయ్యాక ఆయన పెదవులు కదిలాయి, తప్పిపోయిన మాట దొరికింది. అక్కడినుంచి ప్రతి పంక్తికీ కావాలనే ఆగి, వంత విని, కళ్ళనీళ్ళతో చివరిదాకా చెప్పాడు.

ఆయన మరిచిపోయిన సంగతి ఎట్లా కనిపెట్టావని తర్వాత నాయనను అడిగాను.

"మర్సిపోయినాడా? యాడ మర్సిపోయినాడు? ఆయప్ప నిలిపినాడు, మేం ఎత్తుకున్న్యాం. నిలిపేది అందుకే గదప్పా" అన్నాడు.

పోయేముందు దొర నాయన చేతులు పట్టుకుని, వంతవాళ్ళను లండన్ తీసుకుపోవచ్చా అని నాచేత అడిగించాడు. నాయన నిజంగానే ఆలోచించి, విత్తే అదును గుర్తొచ్చి, "ఇప్పుడు యాడ కుదురుతాది, సెనక్కాయలు ఇత్తల్ల" అన్నాడు. ఆయన మళ్ళీ రంగస్థలం ఎక్కాడో లేదో నాకు తెలియదు. ఎక్కి ఉంటే మాత్రం, ఆగిన చోట అందుకునేవాళ్ళు అక్కడ ఎవరున్నారో పాపం.

మా ఊళ్ళో భారతం ఇంకా జరుగుతూనే ఉంది. నాయన లేడు, మైకులు పెద్దవయ్యాయి, వంతకు ఒకరిద్దరు దొరకడమే కష్టమైంది. మొన్న ఆ సభలో మాట పోయి నిలబడ్డప్పుడు, సిగ్గు ముంచుకొచ్చేలోగా ఒక్క క్షణం నేను వెనక్కి తిరిగి చూశాను. బ్యానరు తప్ప ఎవరూ లేరు.