మోపెడ్ మీది ఆకుపచ్చ రంగు

మా నాయనను గుద్దింది నాపబండల లారీ. తాడిపత్రి దారిలో, పట్టపగలు. ఆగకుండా పోయింది. నాయన అక్కడికక్కడే చనిపోయాడు. అది ఏ లారీయో రుజువైతేనే అమ్మకు సరైన పరిహారం దక్కుతుందని మా లాయరు చెప్పాడు.

నాకు మాత్రం వారంలోనే తెలిసిపోయింది. బండలు పాలిష్ చేసే ఒక ఫ్యాక్టరీ ముందు ఆకుపచ్చ లారీ నిలిపి ఉంది. బంపరుకు కొత్త రంగు. ముందు చక్రానికి పసుపు, కుంకుమ, ఎండిన కోడి నెత్తురు. దసరా పోయి అప్పటికి నెలలైంది.

"ఏమన్నా, ఇప్పుడు యాడిది ఆయుధపూజ?" అని డ్రైవరును అడిగాను.

"కొత్త టైర్లు ఏసినామప్పా," అన్నాడు. ఆ టైర్లేమో అరిగి నున్నగా ఉన్నాయి. మనిషిని గుద్దిన దోషం పోవాలనే కోడిని కోశారని నాకు అర్థమైంది.

అప్పటినుంచి నాకు అందరి మీదా అనుమానమే. ఆకుపచ్చ లారీని చూశానన్న టీకొట్టాయన, తర్వాత "దుమ్ములో ఏం కనపళ్ళేదన్నా" అన్నాడు. ఎవరో నోరు నొక్కేశారనుకున్నాను. పోలీసాయన రాస్తూ రాస్తూ ఆగితే అనుమానం, మా లాయరు అవతలి లాయరుతో నవ్వితే అనుమానం. ఊళ్ళో నేను అనుమానించనిది మా ఇల్లొక్కటే.

కోర్టులో ఆ లారీ తరఫు ఇన్సూరెన్సు లాయరు ఒకటే అడిగాడు. "మీ నాయన మోపెడ్ మీద ఆ లారీ రంగు ఉందా?"

ఉండింది. నాయన పోయిన రోజు పోలీసులు రాకముందే బంధువులు మోపెడ్‌ను ఇంటికి చేర్చారు. హ్యాండిల్ కింద ఆకుపచ్చ రంగు అంటుకుని ఉండడం నేను కళ్ళారా చూశాను. కానీ నెత్తురంటిన వస్తువును కడగకుండా మావాళ్ళు గడప దాటనివ్వరు. ట్యాంకరు దగ్గర పట్టుకున్న నీళ్ళు రెండు బిందెలు గుమ్మరించి, ఇటుక పొడితో, కొబ్బరి పీచుతో అమ్మ దాన్ని రుద్ది రుద్ది కడిగింది. ఏడుస్తూనే కడిగింది. నేను పక్కనే ఉండి కూడా వద్దనలేదు. పోలీసులు వచ్చి చూసేసరికి బండి తళతళలాడుతోంది.

కేసు కొట్టేశారు.

ఆ సాయంత్రం అమ్మ అడిగింది. "బండి మీద లారీ గుర్తే ల్యాదన్నారంటనా?"

"ఉండిందిలేమ్మా. వానకు పోయింటుంది."

"యాడి వానరా? ఈ యేడు చినుకన్నా పడిందా?"

అని, వాకిట్లో బోర్లించిన బిందెల వైపు చూసింది.

"నేనే గదరా కడిగితి," అంది.