బూరెల మూకుడులో చైనా వేపుడు

మా చిన్నప్పుడు... మా ఇంట్లో పెద్ద మాంసం అంటే అరపూట వంట. అదేనండి, బీఫ్. ఆదివారం చర్చికి బయల్దేరేముందే అమ్మమ్మ దాకలో మాంసం పడేసి, పొయ్యిలోకి కొబ్బరి డొక్కలు ఎగదోసి వచ్చేది. మేం తిరిగొచ్చేసరికి కూడా అది ఉడుకుతూనే ఉండేది. ముక్క వేళ్ళతో నొక్కితే విడిపోవాలి... అంతవరకూ దాక దించనిచ్చేది కాదు.

అలాంటి ఇంట్లో, ఓ ఆదివారం, మా అమ్మ అదే మాంసాన్ని అయిదు నిమిషాల్లో వండేస్తానంది!

నేను పాకే వయసులోనే నాన్న పోయారు. నాకు నాలుగేళ్ళు నిండగానే అమ్మ నన్ను అమ్మమ్మ ఒళ్ళో పెట్టి, కువైట్‌లో ఒకరింట్లో వంటకి వెళ్ళిపోయింది. మళ్ళీ వచ్చేసరికి నాకు ఎనిమిది. ముమ్మిడివరంలో బస్సు దిగి, ఆటో కట్టించుకుని మా ఊరొచ్చింది. సెంటు వాసన, ఇంత లావు సూట్‌కేసు... నేను వెళ్ళి అమ్మమ్మ వెనక దాక్కున్నాను.

సెలవు నలభై రోజులే. అందులో పదిహేను రోజులు అయిపోయినా నేను ఆవిడని అమ్మా అని పిలవలేదు. అన్నం తిన్నావా అంటే "ఆయ్, తిన్నానండీ" అనేదాన్ని, ఇంటికొచ్చిన టీచరుగారితో అన్నట్టు. దగ్గరికి తీసుకుంటే బిగుసుకుపోయేదాన్ని. అమ్మ పైకి నవ్వేసేది. ఒకరోజు మాత్రం దొడ్లో బట్టలారేస్తూ అమ్మమ్మతో అంటుంటే విన్నాను...

"వెళ్ళేలోపు ఒక్కసారి అమ్మా అంటే చాలమ్మా నాకు."

నాకు ఎంత సిగ్గేసిందో చెప్పలేను. అయినా నోరు పెగల్లేదు.

అందుకే కాబోలు ఆ వంట పెట్టుకుంది. కువైట్ ఇంట్లో తోటి వంటావిడ దగ్గర నేర్చుకుందట ఈ చైనా వేపుడు. ఆ ఇంటి పిల్లలు ఎగబడి తినేవారట. నేనూ అలాగే తింటాననుకుంది, పిచ్చితల్లి.

మాంసాన్ని పీచుకి అడ్డంగా పల్చగా కోసింది. కువైట్ నించి తువ్వాళ్ళలో చుట్టి తెచ్చుకున్న సోయా సాస్ సీసా తీసి, నాలుగు చుక్కలు పోసి, అల్లం, వెల్లుల్లి, మిరియాల పొడి పట్టించింది. క్యారెట్లు, బీన్స్, క్యాప్సికం సన్నగా, పొడుగ్గా తరిగింది. ఆ క్యాప్సికం కోసం అమలాపురం వెళ్ళొచ్చిందండీ బాబూ! చైనా మూకుడు మాకెక్కడిది... అటక మీంచి బూరెల మూకుడు దించింది.

పంపు స్టవ్వుకి టకటకా గాలి కొట్టింది. నూనె పొగలొచ్చాక మాంసం వేసింది. చుయ్యిమంది! రెండు తిప్పులు తిప్పి పళ్ళెంలోకి తీసేసి, అదే మూకుట్లో కూరగాయలు వేయించి, మాంసం మళ్ళీ కలిపి, సాస్ పోసి, ఉల్లికాడలు చల్లి దించేసింది.

గుమ్మంలో నిలబడ్డ అమ్మమ్మ బుగ్గన చెయ్యేసుకుంది.

"అదేంటే, అప్పుడే అయిపోయిందా? ఇంకా స్టవ్వే సరిగ్గా వేడెక్కలేదు!"

"దీనికంతేనమ్మా."

"పిల్లకి కడుపునొప్పొస్తే నన్నడక్కు మరి."

వేడన్నంలో నాకు వడ్డించి ఎదురుగా కూర్చుంది అమ్మ. తను తినకుండా నా నోరే చూస్తోంది. వాసన మాత్రం అదిరిపోయింది. ముక్క నోట్లో పెట్టుకున్నాను... నమిలాను... ఇంకా నమిలాను... అబ్బే! పాత చెప్పు నమిలినట్టే ఉంది. అక్కడి లేత మాంసానికి కుదిరిన వంట మా ఊళ్ళో దొరికే ముదురు గేదె మాంసానికి కుదురుతుందా? ఆ సంగతి నాకు పెద్దయ్యాక తెలిసింది. అప్పటికి తెలిసింది దవడల నొప్పే.

అమ్మమ్మ కూడా ఓ ముక్క వేసుకుంది. లేచి చెంబుడు నీళ్ళు పట్టుకుని మూకుడు దగ్గరికి వచ్చింది.

"ఏం పర్లేదే. ఓ గంట ఉడికించి కాస్త మసాలా తగిలిస్తే అదే దారికొస్తుంది."

అమ్మ తల దించుకుంది. మాంసం కోసేటప్పుడు వేలు తెగినట్టుంది, దానికి చుట్టిన గుడ్డపీలికని అటూ ఇటూ తిప్పుతోంది. ఏడుపు ఆపుకుంటోందని నాకు తెలిసిపోయింది.

నాకేమైందో మరి... ఎంగిలి చేత్తోనే పరిగెత్తుకెళ్ళి మూకుడు మీద రెండు చేతులూ అడ్డం పెట్టేశాను.

"నీళ్ళు పొయ్యకు అమ్మమ్మా! అమ్మ చేసింది నాకిలాగే కావాలి!"

తర్వాత ఇటు తిరిగి, "అమ్మా, ఇంకొంచెం పెట్టవా" అన్నాను.

పెట్టలేకపోయింది. కొంగు నోటికి అడ్డం పెట్టుకుని ఏడ్చేసింది. అమ్మమ్మ చెంబు కింద పెట్టి, "సర్లే, నీ పళ్ళు నీ ఇష్టం" అంటూ తనూ వచ్చి మా పక్కన కూలబడింది. మూకుడు ఖాళీ అయ్యేసరికి ముగ్గురికీ దవడలు పట్టేశాయి. నవ్వితే నొప్పి... అయినా నవ్వాం.

మిగిలిన రోజులన్నీ నేను అమ్మ కొంగు వదల్లేదు. వెళ్ళిపోయే రోజు సంగతి మాత్రం నన్నడక్కండి.

ఇప్పుడు సోయా సాస్ మా ఊరి కిరాణా కొట్లో షాంపూ ప్యాకెట్ల పక్కనే దొరుకుతోంది. ముదురు మాంసానికి చిటికెడు వంటసోడా పట్టించి, పావుగంట ఉంచి కడిగేస్తే మెత్తబడుతుందని నేనూ ఫోన్‌లో చూసి నేర్చుకున్నాను. అమ్మమ్మ లేదు. అమ్మ కువైట్ మానేసి నా దగ్గరే ఉంటోంది. మొన్న ఆదివారం అదే బూరెల మూకుడులో అదే వేపుడు చేసి పెట్టాను. ఓ ముక్క నోట్లో వేసుకుంది. నమిలింది... నమిలింది...

"బాగా కుదిరిందే. కానీ నాకు పళ్ళేవీ? కాసిని నీళ్ళు పోసి ఉడికించవే అమ్మా" అంది.

ఆ రోజు అడ్డం పెట్టిన చేతులతోనే చెంబుడు నీళ్ళు తెచ్చి పోశాను.

మీరూ ఎప్పుడైనా, నమల్లేకపోయినా ఇంకొంచెం పెట్టమని అడిగి మరీ తిన్న కూర ఉందా? ఎవరు వండారో చెప్పండి... వాళ్ళు దగ్గరుంటే మాత్రం ముందు వాళ్ళకి చెప్పండి.